మొదటి నీళ్ళు చుట్టినోళ్ళకే

మొన్న మా చెల్లె బిడ్డ కావ్య ఎండకాలం సెలవులకు నా దగ్గరికి వచ్చింది. చాప మీద బోర్ల పండుకొని వచ్చే ఏడు చదివే పదో తరగతి పుస్తకం తిప్పుతున్నది. నేను డ్యూటీకెల్లి వచ్చి, చెప్పులిడిసి, దానికి చాయ్ ఇద్దామని వంగిన. పుస్తకంల ఒక బొమ్మ కనబడ్డది. తెల్ల జుట్టు, నడుమ పాపిడి, నల్ల కోటు, మెడకాడ నల్ల గుడ్డ ముడి. బొమ్మ చూసుకుంటనే చాయ్ చాప మీద ఒలకబోసిన. "ఈన నీ పుస్తకంల ఎందుకున్నడే?" అన్న. "నీకు తెలుసా పెద్దమ్మా?" అన్నది. "తెల్వకేంది? మా దుకాణంల ఉండె. మీ తాత రోజు దండం పెడుతుండె" అన్న. అది కిలకిల నవ్వింది. "సైంటిస్టుకు దండం పెడతరా ఎవరన్న?" నేను బయటికి పోయి బోళ్ళు కడుగుతున్నట్టు నల్లా ఇప్పి నిలబడ్డ. నా ఏడుపు పిల్లకు ఇనబడొద్దని.

ఇదంత రాయమని కావ్యనే చెప్పింది. నేను చదివింది ఐదో తరగతి. ఒత్తు ఎక్కడ పెట్టాల్నో, ఎక్కడ పెట్టొద్దో తెల్వది. రాస్తుంటే ఎవరో ఎనుక నిలబడి చూస్తున్నట్టున్నది. తప్పులుంటే దిద్దుత అన్నది కావ్య. ఒత్తులు దిద్దు బిడ్డా, మాటలు మాత్రం దిద్దకు అని చెప్పిన. బొమ్మలున్న ఆయన పేరు పుస్తకంల రాసుంది కాని నాకు నోరు తిరగదు. మా ఇంట్ల ఆయన పేరు వైండింగ్ తాత. నేను అదే రాస్త.

మా దుకాణం శంషాబాద్ల పాత రోడ్డు మీద ఉండె. ముందట షెటర్, ఎనుక రెండు అర్రలు. ముందట బాపు పని, ఎనుక మా సంసారం. బాపు పేరు నర్సింలు. కాలిపోయిన మోటర్లకు మళ్ళ రాగి తీగ చుట్టి బతికించుడు ఆయన పని. అమ్మ నా చిన్నప్పుడే జరమొచ్చి పోయింది. చెల్లె బడికి పోతుండె, నేను ఐదుతోని బంద్ చేసిన. నన్ను బంద్ చెయ్యిమని ఎవరనలే. పొద్దుగాల అన్నం ఎవరు వండాలె అన్న మాట వచ్చింది, అంతే. మా ఇంటికి ఒక వాసన ఉండె. కాలిన తీగ వాసన, వార్నిష్ వాసన, దాని మీద పచ్చిపులుసు తాలింపు వాసన. చెల్లె బట్టలకు కూడ అదే వాసన. బడిల పిలగాండ్లు "మోటర్ వచ్చిందిరో" అని ఎక్కిరిస్తే ఏడ్చుకుంట వచ్చేది. గిప్పుడు ఎవరి ఇంట్లనన్న ఫ్యాను కాలి ఆ వాసన వస్తే నాకు ఆకలైతది. ఎవరికి చెప్పినా నవ్వుతరు.

ఊర్లకెల్లి రైతులు మోటర్లు ట్రాలీల ఏసుకొని, బండి ఎనుక కట్టుకొని తెచ్చేటోళ్ళు. కాలిన తీగ పీకుడు, మోటర్ లోపలి సందులు గీకి శుభ్రం చేసుడు, ఆ సందులల్ల పెట్టనీకి పేపరు కత్తిరించుడు, తీగ బయటికి రాకుంట బిగించనీకి వెదురు పుల్లలు చెక్కుడు, ఇవన్ని నా పని. చుట్టుడు మాత్రం బాపు పని. చుట్టేటప్పుడు బాపు మాట్లాడడు. లోపల లెక్క నడుస్తుంటది. మధ్యల మాట్లాడితే లెక్క పోతది, లెక్క పోతే ఆ చుట్ట మొత్తం ఇప్పి మళ్ళ చుట్టాలె. ఒకపారి మా మేనత్త ఎందుకో కోపానికొచ్చి గడపల నిలబడి తిట్టి తిట్టి పోయింది. బాపు తలెత్తలే. మొదటిపారి పెద్ద ఇమానం మా రేకుల మీదికెల్లి పోయిన దినం బజార్ల ఉన్నోళ్ళంత రోడ్డు మీదికి ఉరికిన్రు. బాపు తలెత్తలే. చుట్ట అయినంక తీగ తెంపి, దారం కట్టి, బయటికొచ్చి, "ఏందే గా సప్పుడు?" అని అడిగిండు. ఇమానం అప్పటికి ఏ దేశం దాటిందో.

మా దుకాణంల ఇంకో రివాజు ఉండె. చుట్టిన మోటరు తీస్కపోయి బోర్ల దించి నడిపినంక, వచ్చే మొదటి నీళ్ళు పొలానికి పారనియ్యరు. ఒక సీసలనో చెంబులనో పట్టి మా దుకాణానికి తెస్తరు. చుట్టినాయన తాగాలె. చుట్టినోని గొంతు తడిస్తే మోటర్ కాలదని నమ్మకం. బాపుకు పని నేర్పిన ఉస్తాద్ శంషాబాద్ సాయబు. ఆయన కాలంకెల్లి ఇది నడుస్తున్నది. బాపు కండ్లు మూసుకొని తాగి, ఏ దిక్కు నీళ్ళో చెప్తుండె. "హిమాయత్ సాగర్ దిక్కుది, తియ్యగుంది." "ఇది మామిడిపల్లి బోరు, జర ఉప్పగ తగుల్తది." నేను ఎదురుంగ కూసొని పుల్లలు చెక్కుకుంట ఆయన గొంతు కదులుడు చూస్తుంటి. "నాకు జర పొయ్యి బాపు" అంటే, "చుట్టినోళ్ళకే బిడ్డా. నువ్వు చుట్టినవా?" అనేటోడు. "మరి నేర్పు." "ఆడపిల్లవు, నీకెందుకే ఈ తీగ? ఏళ్ళు కోసుకపోతయి. రేపు పెండ్లి చూపులల్ల చేతులు దాసుకుంటవా?" నాకు పెండ్లి మీద, చీరెల మీద మనసు లేకుండె. నా పానమంత గా నీళ్ళ మీద ఉండె. ఒక్కపారి, ఎవరన్న రైతు వచ్చి, "ఇగో అమ్మా, నీ మోటర్ నీళ్ళు" అని నా చేతికియ్యాలె. బాపు చూస్తుండంగ నేను తాగాలె. గంతే.

సారు మా పక్క బిల్డింగుల మీద అంతస్తుల కిరాయికి దిగిండు. గుంటూరు దిక్కాయన, బడిల సైన్స్ చెప్పి రిటైర్ అయిండు. ఆయన బిడ్డకు ఇమానాల కాడ నౌకరి, పొద్దున పోతే పొద్దుమీకి వచ్చేది. పగలంత సారు ఒక్కడే. ఎండకాలం టేబుల్ ఫ్యాను కాలితే పట్టుకొచ్చిండు, ఇగ ఆ దినంకెల్లి మాపటికి ముందు చాయ్ యాళకు వచ్చి స్టూల్ మీద కూసునుడు మొదలు పెట్టిండు. బాపు ఆయన్ను ఆట పట్టిస్తుండె. "సారూ, మీ మాట రేడియోల వార్తల లెక్క ఉంటది." సారు కూడ తక్కువోడు కాదు. "మీ మాట అర్థమవడానికి నాకు నెల పట్టిందండీ నరసింహులు గారూ. ఇంకా సగం అవట్లేదు."

ఒకనాడు సారు అడిగిండు, "ఇలా తీగ చుట్టడం మీకు ఎవరు నేర్పారండీ?" "మా ఉస్తాద్" అన్నడు బాపు. "ఆయనకి?" "ఆయన ఉస్తాద్." "ఆయనకంటే ముందు?" "ఇగ దేవుడే." సారు నవ్వి, కాదు, దేవుడు కాదు, ఇంగ్లండుల ఒకాయన ఉండె అని కథ చెప్పుడు మొదలు పెట్టిండు. ఒక్కనాడు అయిపోయే కథ కాదు. చాయ్ అయినంత సేపు జరంత, మళ్ళ రేపు జరంత. ఆయన కమ్మరి కొడుకట. తిండికి కటకట. చదువు కూడ చదువుడు, రాసుడు వచ్చేదాకనే. పుస్తకాలు కుట్టే దుకాణంల పనికి పెట్టిన్రట. కుట్టనీకి వచ్చిన పుస్తకాలన్ని చదివిండట. తర్వాత ఒక పెద్ద సైన్స్ సారు దగ్గర సీసలు కడిగే పనికి చేరిండట. ఆ పెద్ద సారుతోని దేశాలు తిరిగేటప్పుడు, ఆ సారు పెండ్లాం ఈయన్ను నౌకరోని లెక్క చూసి, బండి లోపల కూసోనియ్యలేదట. బాపుకు శానా కోపమొచ్చింది. "ఆమె పేరేంది సారూ?" "ఇప్పుడు ఎవరికి గుర్తుందండీ?" "గట్లనే కావాలె" అన్నడు బాపు, చాయ్ గిలాస ఠక్కున పెట్టి.

కథల ఇనుప కడియం వచ్చిన దినం నాకు బాగ యాదికున్నది. ఆ ఇంగ్లండాయన గుండ్రటి ఇనుప కడియం తీసుకొని, రెండు దిక్కుల రాగి తీగ చుట్టిండట. ఒక దిక్కు తీగల కరెంటు పెట్టంగనే రెండో దిక్కు తీగ కాడున్న దిక్సూచి ముల్లు ఎగిరిందట. నాకు అది పెద్ద సమజ్ కాలే. సారు ఊకనే ఇంకో మాట అన్నడు, "అప్పట్లో తీగకి ఇప్పటిలా పూత ఉండేది కాదండీ. అందుకని వరసకీ వరసకీ మధ్య గుడ్డ పెట్టి, దారం చుట్టాడాయన." బాపు చాయ్ తాగుడు ఆపిండు. "గుడ్డ పెట్టిండా?" "అవునండీ." "ప్రతి వరసకు?" "ప్రతి వరసకీ." "ఆయనే చుట్టిండా, మనిషిని పెట్టి చుట్టిచ్చిండా?" "ఆయన చేతులతోనే." బాపు తన ఏళ్ళు చూసుకున్నడు. తీగ తెగిన గీతలు, వార్నిష్ మరకలు. "అయితే ఆయన సైంటిస్టు కాదు సారూ. మనోడు. వైండింగాయన."

తెల్లారి సారు పాత పుస్తకంల కాగితం కోసి ఆయన బొమ్మ తెచ్చిచ్చిండు. బాపు దానికి పటం కట్టిచ్చి, ఎల్లమ్మ పటానికి, ఉస్తాద్ ఇచ్చిన పహాడీ షరీఫ్ దర్గా పటానికి నడుమ పెట్టిండు. దసరకు తీగ తెంపే పక్కడులు, సుత్తెల తోటి ఆయనకు కూడ కుంకుమ పెట్టిండు. మామిడిపల్లి అంజయ్య కాక మోటరు తెచ్చి, పటం దిక్కు అనుమానంగ చూసిండు. "ఎవరే నర్సిం, గీ తెల్లాయన? ప్లాట్లు చేసెటోడా? నా భూమి అమ్మేది లేదని చెప్పు." బాపు, "ఈన లేకుంటే నీ పొలానికి చుక్క నీళ్ళు లేవు. ముందుగల చెప్పులిడువు" అన్నడు. కాక నిజంగనే చెప్పులిడిసి దండం పెట్టిండు. అప్పటికెల్లి ఆయన వైండింగ్ తాత అయిండు.

ఇంకోనాడు సారు ఒక అయస్కాంతం కడ్డీ, ముల్లున్న చిన్న డబ్బ తెచ్చిండు. బాపు చుట్టిన చుట్టకు ఆ డబ్బ కట్టి, కడ్డీని చుట్ట లోపలికి దూర్చిండు. ముల్లు ఒక దిక్కు ఎగిరింది. బయటికి గుంజిండు. ఇంకో దిక్కు ఎగిరింది. బాపు కడ్డీ తీసుకొని లోపల పెట్టి, అట్లనే పట్టుకొని కూసున్నడు. ముల్లు కదల్లే. చిన్న పిలగాని లెక్క చూసుకుంట కూసున్నడు. "లోపలనే ఉంది గద సారూ, రాదేంది?" "ఉంటే రాదండీ. వచ్చేటప్పుడు వస్తుంది, పోయేటప్పుడు వస్తుంది." బాపు నన్ను చూసి నవ్విండు. "గందుకేనే నాకు ఊకె కూసుంటే పానం పడదు."

తర్వాత తర్వాత పొలాలల్ల తెల్ల రాళ్ళు పాతిన్రు. కంది, జొన్న, కూరగాయలు పోయి ప్లాట్లు వచ్చినయి. ట్రాలీలల్ల మోటర్లు తక్కువైనయి, సీసలల్ల నీళ్ళు తక్కువైనయి. హోటళ్ళయి, హాస్టళ్ళయి మోటర్లు వచ్చేటియి కాని వాచ్‌మన్లకు రివాజు ఏం ఎరుక? బాపు వాండ్లను అడగలే. మోటరు ఇచ్చి పంపినంక రెండు మూడు దినాలు మాత్రం రోడ్డు దిక్కు చూస్తుండె.

గప్పుడే ఒక దినం మధ్యాన్నం, బాపు చుట్టుకుంట కూసున్నడు. నేను పేపరు కత్తిరిస్తున్న. సగం చుట్ట మీద తలెత్తి, నన్ను చూసి, "అమ్మ యాడ వోయింది? అన్నం పెట్టదా?" అన్నడు. అమ్మ పోయి ఎన్నేండ్లో. నాకు ఆ మాటకన్న ముందు ఇంకోటి భయమైంది. బాపు చుట్టుకుంట మాట్లాడిండు. నా జన్మల మొదటిపారి. కత్తెర నా చేతుల అట్లనే ఆగింది. ఆయన చేతులు కూడ ఆగినయి. తీగ దిక్కు చూసి, నా దిక్కు చూసి, మెల్లగ మొత్తం ఇప్పి మళ్ళ మొదలు పెట్టిండు.

చుట్టిన మోటర్లు కాలి మళ్ళ రావట్టినయి. "ఏందన్నా, మొన్ననే చుట్టిస్తి" అని వచ్చేటోళ్ళు. బాపు తల దించుకొని తీసుకునేటోడు. దవాఖానకు తీస్కపోయినం. యాది పోతున్నది, పోయింది మళ్ళ రాదు, ఉన్నది కూడ మెల్లమెల్లగ పోతదన్నరు. ఇంటికొచ్చి బాపు తన పీట మీద కూసున్నడు, మళ్ళ లేసిండు. "లెక్క నిలుస్తలేదు బిడ్డా. నువ్వు కూసో" అన్నడు. నేను అన్నేండ్లు అడిగిన పీట అది. కూసున్న. కూసుంటే ఏడుపొచ్చింది. యాదికున్నన్ని దినాలు నేర్పిండు. తీగ ఎంత బిగువు పట్టాలె, ఏలు ఎట్ల మడవాలె, దారం ముడి ఎట్లెయ్యాలె. నా ఏళ్ళు కోసుకపోతే పసుపు ఆయననే పెట్టిండు. నేను మొదట చుట్టినయన్ని కూలర్లయి, మిక్సీలయి. వాటికి మొదటి నీళ్ళు ఎవరు తెస్తరు?

బాపు మంచిగున్న దినం సారును అడిగేటోడు, "వైండింగ్ తాత ఆఖరుకు ఏమైండు సారూ?" సారు మాట మార్చేటోడు. రాణి బిరుదు ఇస్తనంటే వద్దన్నడట, ఉండనీకి ఇల్లు ఇచ్చిందట, ఆ ఇంట్లనే కుర్చీల కూసొని పోయిండట. "ఇల్లు ఇచ్చిందా? మనకైతే రోడ్డు కోసం దుకాణం కొలుస్తున్నరు" అని బాపు నవ్వేటోడు. నాకు మాత్రం సారు ఏదో దాస్తున్నడని అనిపించింది. ఒకనాడు కూర గిన్నె పట్టుకొని పైకి పోయి మెట్ల మీదనే అడిగిన. సారు అద్దాలు తీసి తుడుసుకున్నడు. "ఆయనకీ జ్ఞాపకం పోయిందమ్మా. చేసిన పనే మళ్ళీ చేసేవాడట. రాస్తూ రాస్తూ మాట దొరక్క ఆగిపోయేవాడట. పిల్లలు లేరు. భార్యా, మేనకోడలూ దగ్గరుండి చూసుకున్నారు. మీ నాన్నగారికి నేనెలా చెప్పను?"

నేనే చెప్పిన. ఒక దినం బాపు అమ్మ పేరు యాదికి రాక గోడకు తల కొట్టుకుంటున్నడు. పట్టుకొని, "బాపూ, వైండింగ్ తాత కూడ మర్సిపోయిండట" అన్న. తల కొట్టుకునుడు ఆపిండు. పటం దిక్కు చూసిండు. "ఆయనకు గూడనా?" "ఆయనకు గూడ." "ఎవరు చూసుకున్నరు మరి?" "మేనకోడలు." బాపు నా చెయ్యి పట్టుకున్నడు. "నాకు నువ్వున్నవు" అన్నడు. ఆ రోజు రెండు ముద్దలు ఎక్కువ తిన్నడు.

గిప్పుడు ఆ దుకాణం లేదు, రోడ్డు కింద పోయింది. సారు బిడ్డకు ఇంకో ఊరికి బదిలీ అయితే సారు కూడ పోయిండు. నేను ఇమానాల కాడ నేల తుడిసే మిషన్ తోల్త. మిషన్ జర గొంతు మార్చి మోగితే లోపల చుట్ట ఏడుస్తున్నదని నాకు తెలుస్తది. చెప్తే సూపర్‌వైజర్ కొత్తది తెప్పిస్తడు, పాతది పారేస్తరు. గిప్పుడు ఎవరూ ఏదీ మళ్ళ చుట్టిచ్చరు. నీళ్ళు కూడ సీసలల్ల కొనుక్కుంటం, ఏ బాయివో ఎరుక లేదు. బాపు పోయిన దినం వైండింగ్ తాత పటం పాడె మీద బాపు పక్కనే పెట్టి పంపిన. గందుకే ఇన్నేండ్లు ఆ మొకం మళ్ళ చూడలే.

ఇగ ఒక్క ముచ్చట రాసేదుంది. ముందుగల రాయాల్సింది, చెయ్యి రాక ఆఖరుకు ఉంచిన.

బాపు పోకముందు, చుట్టుముట్టు అందరు అమ్ముకున్నా అంజయ్య కాక మాత్రం జరంత భూమి ఉంచుకున్నడు. ఆయన మోటరు కాలింది. కొత్తది కొనుక్కో అని కొడుకులు చెప్తున్నా ఇనకుంట మా దుకాణానికి తెచ్చిండు. "నర్సిం చేతిది గద" అన్నడు. బాపు పటం కింద కుర్చీల కూసున్నడు, ఎవరో తెచ్చిన మూట లెక్క. కాక చూసి, గొంతు తగ్గించి, "చేస్తవా బిడ్డా?" అన్నడు. "చేస్త కాకా" అన్న. నేను చుట్టుకుంట కూసుంటే కాక ఏదో మంచిచెడు అడగబోయిండు. బాపు కుర్చీలకెల్లి ఏలు పెదవుల మీద పెట్టి, "ష్... లెక్కల ఉన్నది" అన్నడు. నాకు కండ్లల్ల నీళ్ళొచ్చినయి కాని లెక్క పోనియ్యలే. ముడి ఏసేదాక పోనియ్యలే.

తెల్లారి కాక సీసల మొదటి నీళ్ళు తెచ్చిండు. అలవాటు చొప్పున తీస్కపోయి బాపు చేతుల పెట్టిండు. బాపు సీసను ఎండకు పట్టి చూసిండు. తాగలే. "నేను చుట్టలే. గా పిల్ల చుట్టింది" అన్నడు. "తాగు బాపూ, ఏం గాదు" అన్న. ఆయనకు కోపమొచ్చింది. "రివాజు ఎరుక లేదా? చుట్టినోళ్ళకే మొదటి నీళ్ళు." గోడ పట్టుకొని లేసి, నా ముందటికొచ్చి, కొత్త మనిషికి ఇచ్చినట్టు రెండు చేతులతోని సీస ఇచ్చిండు. "తీస్కో అమ్మా. మంచిగ చుట్టినవు. ఎవరి బిడ్డవు నువ్వు?"

కాక తువ్వాల నోటికి అడ్డం పెట్టుకొని రోడ్డు దిక్కు తిరిగిండు.

"నర్సింలు బిడ్డను" అన్న.

"ఏ నర్సింలు?"

"వైండింగ్ నర్సింలు."

బాపు మొకం ఎలిగింది. "ఎరుకే, ఎరుకే. మంచి పనోడు. ఏడున్నడు గిప్పుడు?"

నేను సీస ఎత్తి తాగిన. మామిడిపల్లి బోరు, జర ఉప్పగ తగిలింది. నీళ్ళు అయిపోతే ఆయనకు జవాబు చెప్పాలె గద. గందుకని మెల్లగ, చాన మెల్లగ తాగిన.